మూగబిళ్లలో నా సగం

సూర్యాపేటలో మా వీధి మలుపు దగ్గర ఒకావిడ కుండలు పెట్టుకుని అమ్ముతుంది. పోయిన నెల ఎండలు ముదరకముందే ఒకటి కొనుక్కుందామని ఆగాను. చల్లదనం తెలియడానికి ఆమె ఒక కుండ నిండా నీళ్లు పోసి ముందు పెట్టింది. దాని అడుగంతా తడి. "ఇది కారుతోంది, నాకు అంటగట్టకు" అన్నాను. "కారుతలేదమ్మా" అని ఆమె ఏదో చెప్పబోయింది. నేను వదిలే మనిషినా? పగుళ్లకు మైనం పూసి అమ్మడం నాకు తెలియదనుకున్నావా, ఇంటికి పోయేసరికి సగం నీళ్లు గచ్చు మీద ఉంటాయి అని అందుకుని, రుజువు చూపిద్దామని కుండ మీద అరచేయి ఆనించాను. తడి మట్టి చల్లదనం చేతికి తగిలింది. అంతే, నాలుక ఆగిపోయింది. నోరు తెరిచే ఉంది, మాట లేదు. ఆ సందులో ఆమె తన మాట పూర్తి చేసుకుంది. "కారుడు కాదు తల్లీ, చెమట. చెమట పట్టని కుండల నీళ్లు సల్లగెట్లయితయ్?"

మారు మాట్లాడకుండా డబ్బులిచ్చి, కుండ ఎత్తుకుని ఇంటికి నడిచాను. నన్ను ఎరిగిన వాళ్లెవరైనా చూసి ఉంటే నాకు ఒంట్లో బాగాలేదనుకునేవారు. నా ఒళ్లు బాగానే ఉంది. నాకు గుర్తొచ్చింది ఎస్తేరు టీచర్. ఇరవై ఎనిమిదేళ్ల కిందట మిర్యాలగూడలో ఒక చిన్న ఆడపిల్లల బడిలో ఆమె పెద్ద టీచర్, నేను కొత్తగా చేరిన సాంఘికశాస్త్రం టీచర్ని. ఆమె బల్ల మీద ఒక మట్టిబిళ్ల ఉండేది. రోహిణి కార్తె ఎండల్లో కూడా దాని చల్లదనం సరిగ్గా ఆ కుండ చల్లదనమే.

మీరు ఆమెను చూడలేదు కనుక ముందు ఆమె గురించి చెప్పాలి. సన్నగా, పొడుగ్గా, గంజి పెట్టిన నేత చీరలో, రాట నిలబెట్టినట్టు ఉండేది. గొంతు పెంచగా నేను ఒక్కనాడూ వినలేదు. నన్ను చూసిన మొదటి రోజే, "సుగుణా, నీ పేరు మీ అమ్మ పెట్టిందా, మీ నాయిన పెట్టిండా?" అని అడిగింది. అమ్మ అని చెప్పాను. "పాపం, ఆశపడ్డది" అంది. నేను కోదాడ పిల్లను. డిగ్రీలో వక్తృత్వపు పోటీల కప్పులన్నీ మా ఇంట్లోనే ఉండేవి. చేరిన వారంలోనే ఆఫీసు గుమాస్తాతో, తోటమాలితో, మధ్యాహ్నం గంట రెండు నిమిషాలు ముందు కొట్టిందని ఆయమ్మతో వాదన పెట్టుకుని ముగ్గురినీ ఓడించాను. "కోదాడ నుంచి టీచర్ రాలేదు, వకీలొచ్చింది" అని స్టాఫ్ రూంలో నవ్వుకునేవారు. అది పొగడ్త అనుకున్నాను.

ఏడో తరగతిలో లలిత అని ఒక పిల్ల ఉండేది. ఎన్నిసార్లు పిలిచినా పలకదు. ఆ పిల్ల నోటుపుస్తకంలో ఎర్రసిరాతో, 'పిలిస్తే పలకదు. పొగరు' అని రాసి తండ్రి సంతకం పెట్టించుకు రమ్మన్నాను. సంతకానికి బదులు తండ్రే వచ్చాడు. పేరు యాదయ్య, త్రిపురారంలో వరి పండించే రైతు. టీచర్ నన్ను తన గదికి పిలిపించింది. తల్లిదండ్రులు వచ్చినప్పుడల్లా ఆమె ఆ మట్టిబిళ్లను చేతిలో పట్టుకుని వింటుండేది. అది ఆమె చేతి అలవాటు అనుకునేదాన్ని. ఆ రోజు మాత్రం లేచి, తన కుర్చీ నాకు చూపించింది.

"రాసింది నువ్వు. కూసో. ఇది పట్టుకో."

పట్టుకున్నాను. అరచేతి వెడల్పున్న బిళ్ల. ఒక వైపు నల్లగా నిగనిగలాడుతూ, అంచులు ఎర్రగా, నడుమ బొటనవేలికి సరిపడా ఒక పల్లం. వేలు దానంతట అదే ఆ పల్లంలోకి పోయింది. యాదయ్య నిలబడి పుస్తకం వైపు చూస్తున్నాడు తప్ప మాట్లాడడు. సరే, నేనే మొదలుపెడదామని నోరు తెరిచాను. రాలేదు. గొంతు పట్టేసినట్టు కాదు, నొప్పి లేదు, భయమూ వేయలేదు. చెప్పవలసిన ముక్కలన్నీ వరసలో నిలబడి ఉన్నాయి, ముందున్నది కదలడం లేదు. చివరికి ఆ నిశ్శబ్దాన్ని భరించలేక కాబోలు, అతనే గొంతు విప్పాడు.

"మేడం, మా పిల్లకు పొగరు లేదు. సిన్నప్పుడు జరమొచ్చి ఎడమ చెవు పోయింది. ఎవలకన్న చెప్తే చెవిటిదంటరని నాతోని ఒట్టేయించుకున్నది. రోజు ఎడమ చెవు గోడదిక్కు పెట్టుకొని కూసునేదంట. మీరొచ్చి బెంచీలు మార్పించిన్రు. ఇప్పుడు మీరు నిలబడేది దాని ఎడమ దిక్కే. గంతే మేడం. ఒట్టు దప్పిన, దానికి మాత్రం చెప్పకున్రి."

అతను చెప్పడం అయిపోగానే నా గొంతు వచ్చింది. తలుపు గడియ తీసినట్టు ఠక్కున వచ్చింది. చెప్పదలచినవి అన్నీ ఉన్నాయి, వాటికి ఇప్పుడు పని లేదు. "బెంచీలు మళ్లీ పాతట్టే వేయిస్తే సరిపోతుందా అండీ?" అని అడిగాను. జవాబు ముందే తెలియకుండా నేను అడిగిన మొదటి ప్రశ్న అదేనేమో.

అతను వెళ్లగానే టీచర్ మీద పడ్డాను. "ఏంటండీ ఇది? దీనికేం పూశారు?"

"ఏం పూస్తరు? ఉత్త మట్టి."

నమ్ముతానా? మరునాడు ఆమె పిల్లల ప్రార్థన దగ్గర ఉండగా బిళ్లను కొంగులో దాచుకుని స్టోర్ రూంలోకి పోయి గడియ పెట్టుకున్నాను. దాన్ని గట్టిగా పట్టుకుని పంతొమ్మిదో ఎక్కం మొదలుపెట్టాను. గొంతు గంటలా మోగింది. పంతొమ్మిది పదులు నూట తొంభై దాకా ఒక్క తడబాటు లేదు. గెలిచాననుకుని గడియ తీసేసరికి ఎదురుగా టీచర్. "చూడండి, నా గొంతు బ్రహ్మాండంగా ఉంది. ఇదంతా మన భ్రమ" అన్నాను.

"లోపల ఇంకెవరున్నరు?"

"ఎవరూ లేరు."

"మరి ఎవరి మాట వినాలని నీ నోరు ముయ్యాలె అది? అది పని చెయ్యక కాదు సుగుణా, అక్కడ దానితోని పని లేక."

దాని కథ ఆమె మధ్యాహ్నం టిఫిను డబ్బా ముందు చెప్పింది. ఆమెది నిడమనూరు దగ్గరి పల్లె. సాగర్ ఎడమ కాలువ తవ్వే రోజుల్లో ఆమె నాయన మట్టిపనికి పోయేవాడు. ఒకచోట పెద్ద పెద్ద గుండ్లు గుండ్రంగా పేర్చి ఉన్నాయి. ఊళ్లో వాటిని రాకాసి గుండ్లు అంటారు. కాలువ వాటి అడుగు నుంచే పోవాలి. తవ్వితే కింద పాతకాలపు సమాధుల బొందలు, కుండలు, తుప్పు పట్టిన ఇనుప కత్తులు. దొరికింది దొరికినవాళ్లు పట్టుకుపోయారు. ఎవరికీ పనికిరాదని వదిలేసిన ఈ బిళ్ల ఆమె నాయన తెచ్చుకున్నాడు. "మా నాయిన నోరు ఊరందరికి ఎర్కే" అంది టీచర్. "పని కాడికెళ్లి తిట్టుకుంట తిట్టుకుంట వచ్చేటోడు. ఆ రోజు ఇది సేతుల పట్టుకొని ఇంట్లకు వచ్చిండు, మా అమ్మ మాట్లాడుతుంటె కిక్కుర్మనకుండ నిలవడ్డడు. మా అమ్మ పెండ్లయినకాడికెళ్లి దాసుకున్నయన్ని చెప్పింది. తెల్లారి లేసి, 'ఓ ఎస్తేరూ, నాకు పెయ్యి, పానం తేలికైందే' అన్నది."

నేను పిల్లలకు చరిత్ర చెప్పే మనిషిని. ఆ గుండ్లు పేర్చిన జనం గురించి మా పాఠంలో ఒక్క పేరా ఉంటుంది. ఏ భాష మాట్లాడారో తెలియదు, తమను తాము ఏమని పిలుచుకున్నారో తెలియదు. వాళ్ల మాట ఒక్కటీ మనకు చేరలేదు. చేరిందల్లా మన మాటను కాసేపు ఆపే ఈ బిళ్ల. అంత తెలివైన జనం ఎలా అంతరించారండీ అని వాదనకు దిగితే టీచర్ నవ్వింది. "అందరు వినుకుంట కూసున్నరేమో, ఎవరు మాట్లాడలె. నాకేం ఎర్క?" తర్వాత నవ్వు ఆపి, వాళ్ల అమ్మ పెట్టిన నియమం చెప్పింది. "ఎవరి మాట చెల్లుతదో వాళ్లే ఇది పట్టాలె. మాట చెల్లనోళ్ల సేతుల ఎన్నడు పెట్టొద్దు. అది ఒక్కటి యాది పెట్టుకో."

యాది పెట్టుకున్నాను. పాటించడం వేరు సంగతి.

నేను సూర్యాపేటకు బదిలీ అయి వచ్చిన కొన్నేళ్లకు మా అమ్మ పోయింది. అమ్మ కోదాడలో మా అక్క సువర్ణ దగ్గర ఉండేది. అక్క పదో తరగతితో ఆగి, కుట్టుమిషను పెట్టుకుని, అమ్మను చూసుకుంది. అమ్మ నాలుగు రోజులు ఆసుపత్రిలో ఉంది. నేను గంట ప్రయాణం దూరంలో ఉన్నాను. అక్క నాకు ప్రాణం పోయాకే ఫోన్ చేసింది. ఎందుకని అడిగితే, "టైం లేకపోయిందే" అంది. నాలుగు రోజులు టైం లేదా! వచ్చిన చుట్టాలందరి ముందు నేను ఏమన్నానో ఇక్కడ రాయను. ఆ తర్వాత ఆరేళ్లు మా మధ్య మాట లేదు. ఆరేళ్లు అంటే నాబోటిదానికి తక్కువ కాలం కాదు. ప్రతి మాటా పదును పెట్టుకున్నాను.

అప్పటికి టీచర్ రిటైరై నిడమనూరులోని సొంత ఇంటికి వచ్చేసింది. ఒక ఆదివారం వెళ్లి బిళ్ల అరువు అడిగాను. అక్కతో మాట్లాడాలి అన్నాను. ఆమె నా మొహం చూసి, "ఎవరు పట్టుకోవాలె?" అని పాఠం అడిగినట్టు అడిగింది. "ఎవరి మాట చెల్లుతుందో వాళ్లు" అని అప్పజెప్పాను. ఇచ్చింది.

దారిపొడుగునా నాలో నేను వాదించుకుంటూ పోయాను. అక్క పెద్దది. ఇల్లు ఆమెది. అమ్మ ఆఖరి నాలుగు రోజులూ ఆమెవే. నాకు ఏం దక్కింది? కనుక పైచేయి అక్కదే, మాట చెల్లేదీ అక్కదే. ఇంత చక్కని తర్కం నాకు కాలేజీలో కూడా కుదరలేదు. కోదాడలో గుమ్మం ఎక్కగానే బిళ్ల తీసి అక్క చేతిలో పెట్టాను. "చాలా పాతదక్కా, ఎంత చల్లగా ఉందో చూడు" అన్నాను. పాపం, ఆరేళ్ల తర్వాత వచ్చిన చెల్లెలు ఏదో తెచ్చిందని రెండు చేతులా అందుకుంది. ఇక నేను మొదలుపెట్టాను. ముప్పావు గంట మాట్లాడాను. అక్క పెదాలు ఒకటి రెండుసార్లు కదిలాయి. కళ్ల నుంచి నీళ్లు కారాయి. బిళ్ల కింద పెట్టేయొచ్చని ఆమెకు తెలియదు, నేను చెప్పలేదు. అన్నీ అయ్యాక బిళ్ల తీసుకుని బయటికొచ్చేశాను.

గెలిచాను. బస్టాండులో మిర్యాలగూడ బస్సు ఎక్కేసరికి కిటికీ సీటులో ఎవరిదో చేతిరుమాలు. దాన్ని కిటికీలోంచి వేసినాయన ఇంకా కిందే ఉన్నాడు. రుమాలుకు టికెట్ ఉందా అని గొడవ పెట్టుకుని, నా సంచి తీసి ఆ సీటులో ధడేలున కొట్టాను. సంచిలోంచి 'టక్' అని చిన్న శబ్దం. చేయి పెట్టి చూస్తే బిళ్ల రెండు ముక్కలు. బొటనవేలి పల్లం సరిగ్గా నడుమకు చీలింది. వేల ఏళ్లు నిలిచి, కాలువ తవ్విన గడ్డపారల నుంచి కూడా బయటపడ్డ వస్తువు నా చేతిలో ఒక్క పూట దక్కలేదు. ఆ సీటు ఆయనకే వదిలేసి, మిర్యాలగూడలో బస్సు మారి, నిడమనూరు దాకా నిలబడే పోయాను.

టీచర్ వరండాలో కూర్చుని ఉంది. రెండు ముక్కలూ ఆమె ఒళ్లో పెట్టి, తిట్ల కోసం తల వంచుకున్నాను. ఆమె వాటిని అటూ ఇటూ తిప్పి చూసింది. వెనక్కి వాలి గుండెల నిండా ఊపిరి తీసుకుంది.

"హమ్మయ్య!"

"టీచర్?"

"అమ్మ సచ్చిపోయినకాడికెళ్లి దీన్ని కాపలా కాస్తున్న బిడ్డా. యాడ పగుల్తదో, ఎవడు ఎత్తుకపోతడో అని నిద్రల కూడ పరేషానే. ఇగ ఖతం. మట్టి మట్టి లెక్కనే పగిలింది. అది సరే గని, మీ అక్క ఏమన్నది?"

"ఏమీ అనలేదు."

"ఎందుకనలె?"

"బిళ్ల ఆమె చేతిలో ఉంది కదా" అన్నాను. అంటున్నప్పుడే నా మాట నాకు వినిపించింది.

ఆమె కోప్పడలేదు. కోప్పడితే వాదించేదాన్ని. "నువ్వు సదువుకున్నవ్. నలుగుర్ల నిలవడి మాట్లాడతవ్. ఆమె బట్టలు కుట్టుకుంట ఇంట్ల ఉన్నది. ఆరేండ్లు ఆమెను చెప్పనీయలె. ఇయ్యాల పోయి నోరు గూడ కట్టేసి వచ్చినవా?" అంది. ఒక ముక్క తీసి నా చేతిలో పెట్టింది. "రేపు మళ్ల పో."

"సగం పని చేస్తుందా టీచర్?"

"నాకేం ఎర్క? పోయి సూడు."

మరునాడు బడికి సెలవు పెట్టి వెళ్లాను. అక్క మిషను మీద ఎవరిదో జాకెట్టు కుడుతోంది. తల ఎత్తలేదు. "ఏంటే, మళ్లీ వచ్చావు? నిన్న తిట్టడానికి ఏమైనా మిగిలిపోయిందా?" అంది. ముక్కను గట్టిగా పట్టుకుని ఎదురుగా నేల మీద కూర్చున్నాను. సగం పల్లంలో సగం వేలే పట్టింది. అది పని చేసిందో, నాకే సిగ్గేసి నోరు రాలేదో ఈరోజుకీ చెప్పలేను. ఎంతసేపు కూర్చున్నానో, మిషను చప్పుడు ఆగింది.

"అమ్మే వద్దన్నది" అంది అక్క.

సూదిలో దారం తీసేస్తూ, నా వైపు చూడకుండా చెప్పుకుపోయింది. "మొదటి రోజే ఫోన్ తీశానే. నా చెయ్యి పట్టుకుంది. 'దానికి చెప్పకు సువర్ణా. అది వస్తే డాక్టర్లతో కొట్లాడుద్ది, నర్సులతో కొట్లాడుద్ది, నన్ను హైదరాబాద్ తీసుకుపోతానంటుంది. నాకు ఓపిక లేదు. నన్ను నిమ్మళంగా పోనియ్యి' అంది. ఈ మాట నీకెలా చెప్పనే? అమ్మ నిన్ను రావద్దందని చెప్పనా? నన్ను తిట్టుకుంటేనే నయం అనుకున్నా. నాకు అలవాటేగా." దారం కండె పక్కన పెట్టి, మళ్లీ అంది. "వద్దన్నదే కానీ, సాయంత్రం అయితే చాలు నీ గొడవే. 'సుగుణ బస్సులో కండక్టర్‌కి పాఠం చెప్పి ఏడిపించింది చూడు, అది చెప్పవే' అనేది. చెబితే పక్క మంచం వాళ్లు లేచేట్టు నవ్వేది. చివరి రోజు కూడా అడిగిందే. సగం చెప్పేసరికి నిద్రపోయింది. అంతే, మళ్లీ లేవలేదు."

నా దగ్గర ఆరేళ్ల జవాబులున్నాయి. ఒక్కటీ అక్కర్లేదు. అమ్మ నన్ను వద్దనుకున్నది నిజం. నా కథ వింటూ నిద్రపోయిందీ నిజమే. రెండిట్లో దేన్నీ నేను ఓడించనవసరం లేదు. ఒక బరువు దింపుకున్నప్పుడు భుజం ముందుగా నొప్పి పెట్టి, తర్వాత తేలికవుతుంది. అలా అయింది నాకు. గొంతు వచ్చాక నేను అన్న మొదటి మాట, "ఆకలేస్తోందక్కా." అక్క నిన్నటి చారు వేడి చేసింది. కారం ఎక్కువైంది. నేను ఏమీ అనలేదు. "ఏంటే, ఒంట్లో బాగుందా?" అని నా నుదురు పట్టుకుని చూసింది.

పోయిన ఏడు టీచర్‌కు పక్షవాతం వచ్చింది. కుడిపక్క పడిపోయింది, మాట పోయింది. నేను చూడబోయేసరికి ఇంటి నిండా బంధువులు. ఆమె మంచం మీదుగానే ఒకరితో ఒకరు మాట్లాడుకుంటున్నారు. "ఆమెకేం తెలుస్తలేదు మేడం. మనిషిని ఆనవాలు పడుతలేదు" అని తమ్ముడి కోడలు చెప్పింది. మంచం పక్కన కూర్చుని, అలవాటు కొద్దీ సంచిలోని ముక్క తీసి చేతిలో పెట్టుకుని, "ఎలా ఉన్నారు టీచర్" అనబోయాను. రాలేదు. యాదయ్య ముందు ఆగినట్టే, మాట ముందువరసలోనే ఆగింది.

ఆమె కళ్లు నా మీదే ఉన్నాయి. పెదాలు కదల్లేదు, చప్పుడు లేదు. నా గొంతు మాత్రం రావడం లేదు. ఎదుటి మనిషికి చెప్పేది ఉంటేనే కదా అది ఆపుతుంది! నాకు కడుపు నిండినట్టయింది. కదలకుండా కూర్చున్నాను. ఎవరో టీ తెచ్చారు, చల్లారింది. చాలాసేపటికి ఆమె కళ్లు మెల్లగా వాల్చుకుంది. నా గొంతు వచ్చేసింది. ఆమె ఏం చెప్పిందో నాకు తెలియదు. చెప్పడం పూర్తయిందని మాత్రం తెలుసు. అప్పుడు ఆ ఇంటివాళ్ల వైపు తిరిగి, "ఆమెకు అన్నీ తెలుస్తున్నాయి. మంచం మీదుగా కాదు, ఆమెతో మాట్లాడండి" అని ఒక్కొక్కరినీ పేరు పెట్టి దులిపేశాను. నోరున్నది ఇలాంటి చోటికే కదా. టీచర్ ఎడమ పెదవి కొస కొంచెం పైకి లేచింది. తమ్ముడి కోడలు కూడా చూసింది. ఆ రోజు నుంచి పొద్దున లేవగానే ఆమెకు ఇంటి కబుర్లు చెప్పడం మొదలుపెట్టారట.

ఆమె పోయినప్పుడు శవపెట్టె మూసేముందు తన సగం ముక్కను ఎడమ చేతిలో పెట్టాను. బొందలోంచి వచ్చింది, బొందలోకి పోయింది. నా సగం నా సంచిలో ఉంది. క్లాసులో ఏ పిల్ల మీదైనా ఎర్రసిరా తీయబోయే ముందు దాన్ని పట్టుకుంటాను, ఎందుకంటే అక్కడ చెల్లేది నా మాట. కుండలామె ముందు అది సంచిలోనే ఉంది, నేను తాకనే లేదు. అయినా నోరు ఆగింది. దీన్ని గురించి టీచర్‌తో వాదించాలని ఉంది.

ఆ కుండ మా వంటింట్లో కిటికీ కింద ఉంది. రోజంతా చెమట పడుతూనే ఉంటుంది, కింద పళ్లెం పెట్టాను. నీళ్లు చల్లగా ఉన్నాయి. కుండలామె చెప్పిందే నిజం.